బాగుపడిన పెద్దమ్మాయి

"ఇదుగో, దీన్ని చూడండి," అంది అమ్మ, డాక్టరు బల్ల మీదికి వంగి. "ఇదీ చిన్నప్పుడు అచ్చం మా మనవరాలిలాగే ఉండేది. ఇప్పుడెలా ఉందో చూడండి."

డాక్టరు చూశాడు. తమ్ముడూ మరదలూ కూడా చూశారు. పెద్దమ్మాయి అలాంటప్పుడు ఏం చేయాలో అదే చేసింది. డాక్టరు కనుబొమల మధ్య చోటు మీద చూపు నిలిపి, పెదాలు కాస్త సాగదీసి, తల కొంచెం పక్కకి వంచింది. దాన్ని చిరునవ్వు అంటారు. నలభై దగ్గరపడుతున్నా ఇంట్లో ఆమె ఇంకా పెద్దమ్మాయే. తమ్ముడికి పెళ్ళయి, పిల్ల పుట్టి, ఆ పిల్ల బడికి ఎదిగినా ఆ పిలుపు మారలేదు. చుట్టాల ఇళ్ళలో మాత్రం ఆమెకి "బాగుపడిన పిల్ల" అని ఇంకో పేరుంది. కాలు విరిగిన కుర్చీని బాగుచేయించుకున్నవాళ్ళు పదిమందికీ చూపించుకున్నట్టు ఆమెని చూపించుకుంటారు.

ఆ బడి ఈడు పిల్ల ఇప్పుడు గది మూల నిలబడి, భుజాల దగ్గర చేతులు రెండూ టపటపలాడిస్తోంది. అందుకే దాన్ని అందరూ పిచ్చుక అంటారు. కిటికీ తెర అంచు గాలికి లేచినప్పుడల్లా నేల మీద ఎండ చీలిక పొడుగై మళ్ళీ పొట్టిదవుతోంది. దాన్ని చూసి పిచ్చుకకి పట్టరాని సంతోషం.

"ఆటిజం అంటే జ్వరం కాదమ్మా, మందిస్తే దిగడానికి," అన్నాడు డాక్టరు. మంచివాడే. మెల్లగా, విడమరిచి చెప్పాడు. వీళ్ళకి చప్పుళ్ళు భరించడం కష్టం. బట్టల కుట్లు కూడా గుచ్చుకుంటాయి. ఎదుటివాళ్ళ కళ్ళలోకి చూడరు. అనుకున్నది అనుకున్నట్టు జరగకపోతే అల్లాడిపోతారు. పక్కవాళ్ళని చూసి నేర్చుకోవడం తక్కువ, ఏదైనా పనిగట్టుకుని నేర్పాలి.

పెద్దమ్మాయి వింటోంది. డాక్టరు చెబుతున్న ఒక్కో మాటా టేపు పెట్టి ఆమె కొలతలు తీసినట్టుంది. జాకెట్టు మెడ వెనక ఉండే కంపెనీ గుడ్డముక్కని ఆమె కొన్న రోజే కత్తిరించేస్తుంది. ఈ గదిలో ట్యూబులైటు చేస్తున్న సన్నటి రొద ఇందాకటినుంచి ఆమె పళ్ళలోకి పాకుతోంది. అయితే ఆయన ఇదంతా అమ్మతో చెబుతున్నాడు. అమ్మ తమ్ముడికి చెబుతోంది, తమ్ముడు మరదలికి చెబుతున్నాడు. లోపల ఎలా ఉంటుందో చెప్పగలిగిన మనిషి అదే గదిలో, అదే బెంచీ మీద కూర్చునుంది. ఆమెని ఎవరూ ఒక్క మాట అడగలేదు. బాగుపడినవాళ్ళని ఏమడుగుతారు?

మెట్లు దిగుతూనే అసలు సంగతి మొదలైంది. బడిలో హెడ్ మేడమ్ కచ్చితంగా చెప్పేసింది. సోమవారం పిల్లని తన గదికి తీసుకురావాలి. కాసేపు కుదురుగా కూర్చుని, అడిగినదానికి జవాబు చెబితే చేర్చుకుంటారు. చేతులాడిస్తూ కేకలు పెడితే వేరే చోటు చూసుకోవాల్సిందే. ఆ వేరే చోట్లు కూడా అప్పటికే అయిపోయాయి, మిగిలింది ఇదొక్కటే.

"నాకు వదిలెయ్యండి," అంది అమ్మ. "సోమవారానికల్లా కుదురు నేర్పిస్తాను. దీనికి నేర్పలేదూ?"

ఆ నేర్పడం ఎలాంటిదో పెద్దమ్మాయికి తెలుసు. రెండు చేతులూ తొడల కింద పెట్టుకుని కుర్చీలో కూర్చోవాలి. ఎదురుగా అమ్మ కూర్చుంటుంది, మోకాళ్ళకి మోకాళ్ళు ఆనించి. చేతులు కదిలితే మళ్ళీ మొదటినుంచి. పిచ్చుక ఆఖరి మెట్టు మీద ఆగి, కటకటాల చువ్వల మీద గోళ్ళతో గీస్తూ ఆ చప్పుడు వింటోంది.

"నేను నేర్పిస్తాను," అంది పెద్దమ్మాయి.

అందరూ ఆగిపోయారు. ఆమె తనంతట తాను ఏ పనీ నెత్తినేసుకున్న మనిషి కాదు.

"నేను చెబితే దానికి త్వరగా అర్థమవుతుంది," అంది మళ్ళీ. "నాతో పనికి తీసుకెళ్తాను."

మరదలి కళ్ళలో నీళ్ళు తిరిగాయి. "వదినా, నీ రుణం తీర్చుకోలేను," అంది. అబద్ధం చెప్పిన మనిషికి దండం పెడుతున్న సంగతి పాపం మరదలికి తెలియదు. నేర్పించే ఉద్దేశం పెద్దమ్మాయికి వీసమెత్తు కూడా లేదు. అమ్మ మోకాళ్ళ మధ్యనుంచి ఆ పిల్లని తప్పించాలి, అంతే. సోమవారం హెడ్ మేడమ్‌తో తనే మాట్లాడుతుంది.

ఆమె పని చేసేది లాండ్రీలో. ఊళ్ళోని హోటళ్ళవీ ఆస్పత్రులవీ దుప్పట్లన్నీ అక్కడికే వస్తాయి. రేకుల షెడ్డు, ఒక వైపు ఉతికే మిషన్లు, మధ్యలో వేడి రోలరు. తడి దుప్పటిని ఇద్దరు చెరో వైపు కొసలు పట్టుకుని ఫట్‌మని ఒక్క విదిలింపు విదిలించి రోలరుకి అందిస్తారు. అవతలి వైపు అది కాగితంలా సాపుగా, పొగలు కక్కుతూ బయటికొస్తుంది. అప్పుడు మళ్ళీ చెరో కొస పట్టుకుని ఒకరికొకరు ఎదురు నడవాలి. కొసలు అందించి, కింది మడత అందుకుని వెనక్కి నడవాలి. మళ్ళీ ఎదురు రావాలి. పెద్దమ్మాయికి ఈ పని ప్రాణం. ఒక మనిషికి అంత దగ్గరగా వెళ్ళి కూడా మొహం చూడక్కర్లేదు, మాట్లాడక్కర్లేదు. ఆమె జోడీ పొట్టక్క. పొట్టిగా ఉండటం వల్ల దుప్పటి నేలకి తగలకుండా చేతులు నెత్తిమీదికెత్తి నడుస్తుంది, నోరు మాత్రం ఒక్క క్షణం మూయదు. ఆ మాటలకి జవాబు అక్కర్లేదని పెద్దమ్మాయికి ఏనాడో అర్థమైంది.

షెడ్డు వెనక భాగంలో ఇనప కడ్డీల మీద ఆస్పత్రి తెరలు ఆరేస్తారు. వరసకీ వరసకీ మధ్య ఒక సందు. తెల్లటి గోడలు, తడి వాసన, మిషన్ల హోరు. మధ్యమధ్య పెద్దమ్మాయి ఆ సందులోకి వెళ్ళి తన చేతుల్ని వదిలేస్తుంది. మొదట వేళ్ళు కదులుతాయి, తర్వాత మణికట్లు, తర్వాత మోచేతుల దాకా. పొద్దుటినుంచి లోపల కుక్కిపెట్టినదంతా సోడా మూత తీసినట్టు బయటికొస్తుంది. ఈలవేసుకునేవాళ్ళు ఈలవేసుకుంటారు, కాళ్ళూపేవాళ్ళు కాళ్ళూపుతారు. వాళ్ళనెవరూ డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళరు. ఆ తేడా ఏమిటో ఆమెకి ఇంతవరకూ ఎవరూ చెప్పలేకపోయారు.

మొదటి రోజే పిచ్చుకని ఆ సందులోకి తీసుకెళ్ళింది. పిల్ల తెరల్ని తల పైకెత్తి చూసింది. పక్కన అత్త చేతులు లేవడం చూసింది. ఒక్కసారి ఊపిరి బిగబట్టి, ఆ తర్వాత తన చేతులు కూడా లేపింది. ఇద్దరూ ఒకరినొకరు చూసుకోలేదు. అటు తిరిగి ఒకరు, ఇటు తిరిగి ఒకరు, ఎవరి సంతోషం వాళ్ళది. అయినా పెద్దమ్మాయికి జీవితంలో ఇంత తోడు ఎప్పుడూ దొరకలేదు.

"అత్తా, ఆ చివరి మిషను ఆగేముందు దగ్గుతుంది," అంది పిల్ల.

"అవును. రెండుసార్లు దగ్గి, ఒకసారి మూలుగుతుంది."

"ముసలిదా?"

"ముసలిదే. కానీ నాకదే ఇష్టం."

"నాక్కూడా."

ఇంట్లో నోరు విప్పదని పిల్లని గురించి మరదలు రోజూ ఏడుస్తుంది. పిల్లకి మాటలు లేక కాదు. ఆ మిషను సంగతి మాట్లాడేవాళ్ళు ఆ ఇంట్లో లేరు.

అంతలో యజమాని బూట్ల చప్పుడు వినిపించింది. పెద్దమ్మాయి చేతులు టక్కున దిగిపోయాయి. తెర తప్పించుకుని బయటికొచ్చి, చేతి మీద చెయ్యి వేసి నిలబడింది. "నమస్తే అండీ, బాగున్నారా? ఇంట్లో అందరూ బాగున్నారా?" అంది, చివర గొంతు కాస్త పైకెత్తి. యజమాని రోజూ వేసే జోకే వేశాడు, మా దుప్పట్లకంటే నీ నవ్వే తెల్లగా ఉందమ్మా అని. ఆమె ఒక క్షణం ఆగి నవ్వింది. మరీ వెంటనే నవ్వకూడదు, మరీ ఆలస్యంగానూ నవ్వకూడదు. ఆయన సంతోషంగా వెళ్ళిపోయాడు. ఆమె నుదుటికి చెమట పట్టింది.

తెరల సందులోంచి పిచ్చుక చూస్తోంది.

"అత్తా, ఇందాక నువ్వెక్కడికెళ్ళావు?"

"ఎక్కడికెళ్ళాను? ఇక్కడే ఉన్నాగా, సారుతో మాట్లాడుతూ."

"కాదు. నువ్వు లేవు. వేరే ఎవరో మాట్లాడారు."

పెద్దమ్మాయి తెర కొస పట్టుకుని అలాగే నిలబడిపోయింది. ఇన్నేళ్ళలో ఇంత సూటిగా ఆమెని పట్టుకున్నవాళ్ళు లేరు. ఇంకొకరైతే మాట మార్చేవాళ్ళు, బిస్కెట్టు చేతిలో పెట్టేవాళ్ళు. ఆమెకది చేతకాదు. అడిగినదానికి ఉన్నది ఉన్నట్టు చెప్పకపోతే నోట్లో రాయి పెట్టుకున్నట్టుంటుంది.

"అది బయటివాళ్ళ కోసం," అంది.

"కళ్ళలోకి చూశావు. నీకు మంట పుట్టలేదా?"

"కళ్ళలోకి చూడలేదు. కనుబొమల మధ్య చూశాను. వాళ్ళకి తెలీదు."

"నొప్పిగా ఉంటుందా?"

"సాయంత్రానికి ఉంటుంది. ఇంటికెళ్ళి దీపం తీసేసి పడుకుంటాను."

"మరెందుకు చేస్తావు?"

"అలా ఉంటే ఎవరూ ఏమీ అనరు," అంది పెద్దమ్మాయి.

పిల్ల ఆ మాటని కాసేపు నోట్లోనే తిప్పుకుంది. తర్వాత చేతులాడిస్తూ తెరల మధ్య అటునుంచి ఇటు పరిగెత్తింది. పెద్దమ్మాయి మళ్ళీ రోలరు దగ్గరికి వెళ్ళింది. తను నేర్పలేదు, అడిగితే చెప్పింది, అంతే. చూసి నేర్చుకునే పిల్లలు కారు వీళ్ళు అని డాక్టరే అన్నాడు. ఆ మాటని ఆమె కూడా నమ్మింది. నవ్వొచ్చే సంగతేమిటంటే, అది తన విషయంలో నిజమా కాదా అని ఒక్క నిమిషం ఆలోచించి ఉంటే తెలిసిపోయేది.

ఆ సాయంత్రం అమ్మ గుమ్మంలోనే కాచుకునుంది.

"ఎంతవరకొచ్చింది?"

"వస్తోంది," అంది పెద్దమ్మాయి, చెప్పులు విప్పుతూ.

"చేతులు తొడల కింద పెట్టించావా?"

"ఊఁ."

అమ్మ నమ్మలేదు. వంటగదిలోకి వెంట వచ్చి, గిన్నెలు కడుగుతున్న కూతురి పక్కన నిలబడింది. అమ్మ గొంతు ఉన్నట్టుండి పలచబడింది. "నన్ను రాక్షసి అనుకుంటున్నావు కదూ. అనుకో. బళ్ళో నీ చేతులు రెండూ తాడుతో కట్టి, చుట్టూ నిలబడి చప్పట్లు కొట్టారు. నేను వెళ్ళేసరికి నువ్వు తలని గోడకేసి బాదుకుంటున్నావు. ఆ తాడు నా చేత్తో విప్పాను. ఇంకోసారి ఎవరూ నీ జోలికి రాకూడదని ఒట్టేసుకున్నాను. తప్పా?"

ఆ తాడు పెద్దమ్మాయికి గుర్తులేదు. తొడల కింద చచ్చుబడిపోయిన వేళ్ళు మాత్రం గుర్తున్నాయి. ఆ వేళ్ళతోనే ఆమె గిన్నె బోర్లించి, తుడిచి, దాని చోట దాన్ని పెట్టింది. అమ్మ మీద కోపం, అమ్మ మీద జాలి ఒకేసారి వచ్చాయి. రెండూ ఒకేసారి వచ్చినప్పుడు మొహం ఎలా పెట్టాలో అమ్మ నేర్పలేదు.

ఆదివారం కూడా లాండ్రీ ఉంటుంది, ఆస్పత్రులకి సెలవుల్లేవు గనుక. ఆ రోజంతా పెద్దమ్మాయి దుప్పట్లు మడతపెడుతూ హెడ్ మేడమ్‌కి చెప్పాల్సిన మాటలు కూర్చుకుంది. కొత్తవాళ్ళతో ఏం మాట్లాడాలన్నా ముందే కూర్చుకోవాలి, లేకపోతే ఆ సమయానికి నోరు పెగలదు. *ఆ పిల్ల చేతులు ఎవరినీ కొట్టడం లేదండీ. మీకు సంతోషమొస్తే నవ్వుతారు, దానికి సంతోషమొస్తే చేతులు లేస్తాయి. దాన్ని ఆపితే చేతులాగుతాయి గానీ, వినడం కూడా ఆగిపోతుంది. బలమంతా ఆపుకోవడానికే సరిపోతుంది కదా. నాకు తెలుసు. నేనూ అలాంటిదాన్నే.* ఈ చివరి మాట దగ్గర ప్రతిసారీ నాలుక మడతపడుతోంది. ఆ మాట ఆమె పుట్టి బుద్ధెరిగాక ఎవరితోనూ అనలేదు.

ముందు ఆ మాట ఒకరితో అని చూడాలనిపించింది. పొట్టక్క కొసలు అందిస్తూ ఎదురొచ్చింది.

"పొట్టక్కా, నేనూ మా పిచ్చుకలాంటిదాన్నే," అంది పెద్దమ్మాయి, దుప్పటి అంచు వైపు చూస్తూ.

"తెలుసులే," అంది పొట్టక్క, వెనక్కి నడుస్తూ. "ఆ తెరల వెనక లైటుంటుంది కదే. నీ నీడ ఇవతలికి కనబడుతుంది."

పెద్దమ్మాయి చేతుల్లో దుప్పటి జారింది. "ఎప్పటినుంచి?"

"నువ్వు చేరినప్పటినుంచి. మొదట్లో దయ్యం పట్టిందనుకున్నాం, తర్వాత అలవాటైపోయింది. పట్టుకో, నేలకి తగులుతోంది."

"ఎవరూ ఏమీ అనలేదే?"

"ఏమంటాం? నీ చేతులు, నీ ఇష్టం. సారు దాకా వెళ్ళనీకు, అంతే. ఆయన హోటలువాళ్ళని తీసుకొస్తుంటాడు కదా, బాగుండదు."

ఇన్నేళ్ళ రహస్యం ఇంత చవగ్గా తేలిపోయింది. పెద్దమ్మాయికి ఏడవాలో ఊరుకోవాలో తెలియలేదు. కానీ ఆ మాట బయటికి అనగలిగింది, పైకప్పు విరిగి మీద పడలేదు. రేపు కూడా అనగలదు. తెరల మధ్య పిచ్చుక ఒక్కతే ఏదో గొణుక్కుంటోంది, మధ్యలో ఆగి మళ్ళీ మొదలుపెడుతోంది. మిషను చప్పుడు పాడుకుంటోంది కాబోలు అనుకుంది పెద్దమ్మాయి. దగ్గరికెళ్ళి వినలేదు. ఆమె చేసిన తప్పల్లా అదే.

సోమవారం హెడ్ మేడమ్ గదిలో కుర్చీలు చాలక తమ్ముడు గోడకి ఆనుకుని నిలబడ్డాడు. అమ్మ ముందు వరసలో కూర్చుంది. మరదలు కొంగు చివర ముడి వేస్తూ విప్పుతూ ఉంది. బల్ల పక్కన ఒక చేపల తొట్టి, అందులో గాలి బుడగలు కిందనుంచి పైకి గొలుసులా లేస్తున్నాయి. దాన్ని ముందు చూసింది పెద్దమ్మాయే. ఇంకేముంది, పిచ్చుక ఆ బుడగల్ని చూస్తుంది, చేతులు లేస్తాయి, కేక కూడా పెడుతుంది. సరే, పెట్టనీ. ఆ కేక వినబడగానే తను లేచి నిలబడుతుంది. మొదటి మాట నాలుక చివర సిద్ధంగా ఉంది.

పిచ్చుక లోపలికొచ్చింది. తొట్టి పక్కనుంచే నడిచింది. దాని వైపు తల తిప్పలేదు. కుర్చీ ఎక్కి కూర్చుని, ఒళ్ళో చేతి మీద చెయ్యి వేసుకుంది. తల కొంచెం పక్కకి వంచింది.

"నమస్తే అండీ, బాగున్నారా? ఇంట్లో అందరూ బాగున్నారా?" అంది, చివర గొంతు కాస్త పైకెత్తి.

హెడ్ మేడమ్ మొహం విప్పారింది. "అబ్బో! బాగున్నానమ్మా. నువ్వు బడికొస్తావా, లేక నన్నే మీ ఇంటికి రమ్మంటావా?"

పిల్ల ఒక్క క్షణం ఆగింది. మరీ వెంటనే కాదు, మరీ ఆలస్యంగానూ కాదు. ఆ తర్వాత నవ్వింది.

తన మొహం ఎదుటివాళ్ళకి ఎలా కనబడుతుందో పెద్దమ్మాయి ఎప్పుడూ చూడలేదు. అద్దంలో చూసుకునేది వేరే మొహం. ఇప్పుడు చూసింది. సాగిన పెదాలు, మేడమ్ కనుబొమల మధ్య మేకు కొట్టినట్టు నిలిచిన చూపు. ఆ చూపు వెనక ఎవరూ లేరు. ఒక చిన్నపిల్ల మెడ మీద నలభై ఏళ్ళ ముసుగు. ఇంత భయంకరమైన దాన్ని ఇన్నేళ్ళూ ఎలా మెచ్చుకున్నారు వీళ్ళు?

పేరడిగితే చెప్పింది. రంగులు అడిగితే చెప్పింది. ఇష్టమైనదేమిటని అడిగితే "అన్నీ ఇష్టమేనండీ" అంది. మిషను మాట ఎత్తలేదు.

"ఈ పిల్లకి ఇబ్బంది అన్నదెవరండీ?" అంది హెడ్ మేడమ్. "ఎంత ముద్దుగా ఉంది! రేపటినుంచి పంపించండి."

మరదలు ముడి వేసిన కొంగునే నోటికి అడ్డం పెట్టుకుని ఏడ్చేసింది. అమ్మ విజయగర్వంతో వెనక్కి తిరిగింది. "మా పెద్దమ్మాయి నేర్పిందండీ. కొద్దిరోజుల్లోనే."

"మీరేనా!" అంది హెడ్ మేడమ్. "ఓసారి వచ్చి మా టీచర్లక్కూడా చెప్పాలి, ఇలాంటి పిల్లల్ని ఎలా దారిలో పెట్టాలో."

పెద్దమ్మాయి లేచి నిలబడింది. కూర్చుకున్న మాటలన్నీ ఉన్నాయి, ఒక్కటీ పోలేదు. కానీ వాటిని ఇప్పుడెలా అనడం? ఆ పిల్ల చేతుల్ని వదిలేయండి అంటే, ఏ చేతుల్ని అంటారు. ఇదంతా నటన అంటే, అయితే రేపు పంపొద్దు అంటారు. పిల్లని లోపలికి పంపడానికి కూర్చుకున్న మాటలే ఇప్పుడు దాన్ని బయటికి నెడతాయి. పిచ్చుక తల తిప్పి అత్త వైపు చూసింది. బాగా చేశానా అని అడుగుతున్నట్టుంది.

"చాలా సంతోషమండీ," అంది పెద్దమ్మాయి. పెదాలు వాటంతటవే సాగాయి. హెడ్ మేడమ్‌కి ఎదురుగా అత్తా మేనకోడలూ ఒకేలా తల వంచి నవ్వారు. ఎంత పోలికో అని అందరూ మురిసిపోయారు.

బయట రోడ్డు రద్దీగా ఉంది. అమ్మ, పెద్దమ్మాయి నుదుటి మీద ముద్దు పెట్టుకుని, తడి కళ్ళు తుడుచుకుంది. తమ్ముడూ మరదలూ బండి మాట్లాడటానికి అవతలి పక్కకి వెళ్ళారు. అమ్మ నీడపట్టున చోటు చూసుకుని కాస్త దూరంగా మెట్టు మీద కూలబడింది. గోడ పక్కన అత్తా పిచ్చుకా మిగిలారు.

పిల్ల మొహం మీద ఆ నవ్వు ఇంకా అలాగే ఉంది.

"పిచ్చుకా, అయిపోయిందిగా. ఇక చాలు, తీసెయ్యమ్మా," అంది పెద్దమ్మాయి.

పిల్ల తీయలేదు. నీళ్ళ ట్యాంకరొకటి మెరుస్తున్న ధారలు కార్చుకుంటూ ముందునుంచి పోయింది. నిన్నటి పిచ్చుక అయితే గెంతులేసేది. ఇవాళ దాని మెడ నరం ఒక్కటే బిగుసుకుంది. తెల్లారినప్పటినుంచి ఈ పిల్ల ఎంత మోస్తోందో ఆ నరం చూశాక పెద్దమ్మాయికి లెక్క తెలిసింది. తను మోసినంతా మోస్తోంది.

ఇక ఆమె కూర్చుకోలేదు, ఆలోచించలేదు. నడిరోడ్డు పక్కన, పట్టపగలు, అందరూ చూస్తుండగా, తన చేతులు రెండూ భుజాల దాకా ఎత్తి వదిలేసింది. వేళ్ళు, మణికట్లు, మోచేతులు. సైకిలు మీద పోతున్నవాడొకడు బ్రేకు వేసి చూశాడు. అమ్మ మెట్టు మీదనుంచి "పెద్దమ్మాయ్!" అని అరిచింది. అరిస్తే అరవనీ. ఇదిగో చూడు తల్లీ, ఇలా కూడా ఉండొచ్చు, రోడ్డు మీద కూడా ఉండొచ్చు, నాతో పాటు నువ్వూ లేపు అన్నట్టు, ఇంకా జోరుగా ఆడించింది. నోటితో చెప్పి నేర్పించాలనుకున్నది ఆమె బతుకులో ఇదొక్కటే, దానికీ మాటలు రాలేదు.

పిచ్చుక చుట్టూ చూసింది. సైకిలువాడిని చూసింది, నాయనమ్మని చూసింది. తర్వాత దగ్గరికొచ్చి, మునివేళ్ళ మీద లేచి, అత్త మణికట్లు రెండూ పట్టుకుని కిందికి దించింది. చాలా మెల్లగా, చాలా ప్రేమగా దించింది.

"జనం ఉన్నారత్తా," అంది. "ఇంటికెళ్ళాక చేసుకుందువుగాని."

బండి వచ్చి పక్కన ఆగేదాకా ఆ చేతుల్ని వదల్లేదు.